పాల లెక్కల క్యాలెండర్ మీద ఐదు ఫోన్ నంబర్లు

(జూన్ 25, అంతర్జాతీయ నావికుల దినం నాడు శ్రీకాకుళం జిల్లాలోని ఒక డిగ్రీ కళాశాలలో చేసిన ప్రసంగం)

వేదిక మీదున్న పెద్దలకు, అధ్యాపకులకు, ఈ ఉక్కలో కవిటి నుంచీ సోంపేట నుంచీ బస్సుల్లో వచ్చిన తల్లిదండ్రులకు, పిల్లలకు నమస్కారం. నా గురించి ఇందాక చాలా మంచి మాటలు చెప్పారు, కృతజ్ఞతలు. నేరుగా విషయంలోకి వస్తాను.

నాకిచ్చిన అంశం ‘అంతర్జాతీయ భద్రతలో దేశాల సహకారం’. నేను ఇరవై ఎనిమిదేళ్ళు సరుకు ఓడల్లో పనిచేసి బోసన్‌గా దిగాను. బోసన్ అంటే డెక్ మీద పనిచేసేవాళ్ళకు మేస్త్రీ లాంటివాడు. అందుకని ఆ డెక్ మీద నిలబడి చూసిందే చెబుతాను.

2011 జనవరి. మాది పనామా జెండా ఓడ. ఓనరు గ్రీకు, కెప్టెన్‌ది ఉక్రెయిన్, వంటాయనది ఫిలిప్పీన్స్. డెక్ మీద తెలుగువాళ్ళం నలుగురం. నల్లసముద్రంలో గోధుమలు నింపుకుని ఇటు వస్తున్నాం. లోడు నిండుగా ఉంటే ఓడ కిందికి దిగిపోతుంది, డెక్ నీళ్ళకు దగ్గరవుతుంది. నిచ్చెన తగిలించడానికి సముద్రపు దొంగలకు అంతకన్నా ఏం కావాలి? మా వేగం చూస్తే పన్నెండు నాట్లు, అంటే గంటకు సుమారు ఇరవై రెండు కిలోమీటర్లు దాటదు.

సూయజ్ దాటగానే రెయిలింగ్ చుట్టూ తీగ చుట్టాం. మన పొలాల ముళ్ళకంచె లాంటిది కాదది, వరసగా బ్లేడ్లే. తోలు గ్లౌజులు చీరి చేతులు కోసుకుపోయాయి. పాత బాయిలర్ సూట్లలో గుడ్డ పీలికలు కుక్కి, పైన హెల్మెట్లు పెట్టి, అక్కడక్కడా దిష్టిబొమ్మల్లా నిలబెట్టాం. దూరం నుంచి కాపలా మనుషుల్లా కనిపించాలని. ఓడను మలుపు తిప్పే యంత్రాలుండే స్టీరింగ్ గేర్ రూమ్‌లో మంచినీళ్ళు, బిస్కెట్లు, ఒక శాటిలైట్ ఫోను పెట్టాం. దొంగలు ఎక్కేస్తే అందరం అందులో దూరి తలుపు బిగించుకోవాలి. దాన్ని సిటడెల్ అంటారు.

సోమాలియాకూ యెమెన్‌కూ మధ్య ఉన్న గల్ఫ్ ఆఫ్ ఏడెన్‌లో మమ్మల్ని చైనా నౌకాదళం కాన్వాయ్‌లో చేర్చారు. కాన్వాయ్ అంటే యుద్ధనౌకల కాపలాతో వరసగా వెళ్ళే ఓడల గుంపు. రాత్రి రేడియోలో చైనా ఆఫీసరు నెమ్మదైన ఇంగ్లిష్‌లో ఒక్కొక్క ఓడనే నంబరు పెట్టి పిలిచేవాడు. మాది ఏడో నంబరు. ముందు ఓడకు ఎంత దూరంలో ఉండాలో చెప్పి, మేం సరే అనేదాకా వదిలేవాడు కాదు. నా పక్కన కాపలా ఉన్న కుర్రాడు, మన ఉద్దానం కుర్రాడే, అడిగాడు: “బాబాయ్, చైనావోళ్ళకి మనతో సరిహద్దు గొడవలున్నాయి కదా, మనకెందుకు కాపలా కాస్తన్నారు?”

ఆ రాత్రి నేను వాడికి సరిగ్గా జవాబు చెప్పలేకపోయాను. దిగాక తెలుసుకున్నాను.

1982 సముద్ర చట్టం వందో అధికరణం ప్రకారం దొంగల్ని అణచడంలో దేశాలన్నీ సహకరించుకోవాలి. అయితే సోమాలియా దొంగలు తరిమితే తమ తీరానికి పారిపోయేవాళ్ళు. తీరం నుంచి పన్నెండు మైళ్ళ లోపల, ఆ దేశం ఒప్పుకోకుండా, పరాయి యుద్ధనౌక దొంగల్ని వెంటాడి పట్టుకోకూడదు. దొంగల్ని ఆపే శక్తి సోమాలియా ప్రభుత్వానికి లేదు. 2008 జూన్‌లో భద్రతామండలి 1816 తీర్మానం చేసింది: సోమాలియా ప్రభుత్వం ఒప్పుకున్న దేశాలు ఆ నీళ్ళలోకి వెళ్ళవచ్చు. దాంతో నాటో, యూరప్ నౌకలు, అమెరికా కూటమి, వాటితో కలవకుండా విడిగా భారత్, చైనా, రష్యా, అందరూ ఒకే నీళ్ళలోకి వచ్చారు.

వచ్చారు సరే, ఒకరితో ఒకరు మాట్లాడుకోవాలి కదా? ఇక్కడ ఒక చేదు సంగతి చెప్పాలి. మన నౌకాదళాన్ని గౌరవిస్తాను కాబట్టే చెబుతున్నాను. 2008 నవంబరు 18న మన ఐఎన్ఎస్ తబర్ దొంగల మదర్‌షిప్, అంటే వాళ్ళ చిన్న బోట్లకు స్థావరంగా ఉండే పెద్ద పడవ, అనుకుని ఒక పడవను ముంచింది. అది ఎకావత్ నావా అనే చేపల పడవ. దొంగలు కొద్దిసేపటి ముందే దాన్ని పట్టుకున్నారు, జాలర్లు లోపలే ఉన్నారు. తమ మీద కాల్పులు జరపడం వల్లే ఎదురు కాల్చామని మన నౌకాదళం చెప్పింది, ఆ చీకట్లో అది అబద్ధమని నేననను. కానీ ఆ పడవ దొంగల చేతిలో పడిందన్న సమాచారం మన ఓడకు చేరలేదని తర్వాత వార్తలొచ్చాయి. రోజుల తరబడి నీళ్ళలో తేలుతూ కంబోడియా జాలరి ఒక్కడు బతికాడు.

అందరి చేతుల్లో ఫిరంగులున్నాయి. లేనిదల్లా ఒక్క మెసేజ్.

ఆ మరుసటి నెలలోనే బహ్రెయిన్‌లో నౌకాదళాలు కలిసి కూర్చునే సమావేశాలు మొదలయ్యాయి. షేడ్ అంటారు. మెర్క్యురీ అని ఇంటర్నెట్ చాట్ లాంటిది ఒకటి వచ్చింది. ఒకరి రహస్యాలు ఒకరికి చూపించని దేశాలు కూడా “ఇక్కడ ఒక బోటు అనుమానంగా ఉంది” అని దాంట్లో రాసుకునేవి. 2009లో గల్ఫ్ ఆఫ్ ఏడెన్‌లో ఓడలు వెళ్ళడానికి సుమారు 490 నాటికల్ మైళ్ళ పొడవున కారిడార్ గీశారు. వెడల్పు చూస్తే పోవడానికి ఐదు మైళ్ళు, రావడానికి ఐదు మైళ్ళు, మధ్యలో రెండు మైళ్ళ ఖాళీ. 2012 నుంచి భారత్, చైనా, జపాన్ తమ కాన్వాయ్‌ల టైములు ఒకదానితో ఒకటి సరిచూసుకున్నాయి, మన ఊళ్ళో ఆర్టీసీవాళ్ళు బస్సుల టైములు చూసుకున్నట్టు. 2010లో సోమాలియా దొంగలు 49 ఓడల్ని పట్టుకుని వెయ్యి మందికి పైగా నావికుల్ని బందీలు చేశారు. 2015లో ఒక్క దాడీ నమోదు కాలేదు. ఓడల మీద తుపాకీ గార్డుల్ని పెట్టడమూ దానికి కారణమే, కాదనను. ఆ కుర్రాడి ప్రశ్నకు నా జవాబు మాత్రం ఆ కాన్వాయ్ టైమ్‌టేబులే.

ఇక్కడితో ఆపేస్తే నేను రాసుకొచ్చిన కాగితాలు అయిపోయినట్టే. కానీ ఆ వెనక వరసలో అమ్మలు కూర్చున్నారు. మీ కోసం ఇంకోటి చెప్పాలి.

నాతో ఒక ఓడలో చేసిన పిల్లాడొకడు 2010లో వేరే ఓడలో బందీ అయ్యాడు. ఓడ పేరు, ఊరు పేరు వద్దు. వాళ్ళమ్మ మా ఇంటికొచ్చింది, గోడ క్యాలెండర్ ఊడదీసి చుట్టి పట్టుకుని. పాలు తీసుకోని రోజులకి అందులో సున్నాలు చుట్టుంటాయి. ఆ సున్నాల మధ్య ఐదు ఫోన్ నంబర్లు రాసుకుంది. ఓడ జెండా ఒక దేశానిది, ఓనరు ఇంకో దేశంలో, ఓడ నడిపే కంపెనీ మరో దేశంలో, సరుకు వేరే ఎవరిదో, ఉద్యోగం ఇచ్చిన ఏజెంటు ముంబైలో. నేను ఆవిడ ముందే కూర్చుని ఐదింటికీ ఫోన్ చేశాను. ఒకడు ఓనర్ని అడగమన్నాడు, ఇంకొకడు ఇన్సూరెన్స్ వాళ్ళని అడగమన్నాడు, జెండా దేశం ఆఫీసులో ఎవరూ ఎత్తలేదు. ఏజెంటు చెప్పింది మాత్రం మర్చిపోలేను: “అగ్రిమెంటు తొమ్మిది నెలలకే కదండీ, అయిపోయింది. జీతం ఆగిపోయింది.”

అమ్మా, వినండి. పిల్లాడు సోమాలియా ఒడ్డున తుపాకుల మధ్య ఉన్నాడు. ఇక్కడ వాడి జీతం ఆపేశారు. ఆవిడ ఏడవలేదు. క్యాలెండర్ చుట్టుకుని, “పోనీలే బాబూ, నంబర్లు మాత్రం ఎక్కడా పోనీకు, నీ దగ్గరా రాసి ఉంచు” అంది. పదకొండు నెలలకు పిల్లాడు ఇల్లు చేరాడు.

ముప్ఫై దేశాల యుద్ధనౌకలు ఓడకు కాపలా కాశాయి. లోపలి మనిషి ఎవరి లెక్కలోనూ లేడు. నా బాధంతా ఇదే. ఈ ఒక్క మాట చెప్పడానికే మీ కాలేజీ పిలవగానే వచ్చాను.

ఆస్ఫాల్ట్ వెంచర్ అనే ఓడ సంగతి పేపర్లలో వచ్చినదే. 2010 సెప్టెంబరులో పట్టుకున్నారు, పదిహేను మందీ మనవాళ్ళే. 2011 ఏప్రిల్‌లో డబ్బు ముట్టింది, ఓడని, ఎనిమిది మందిని వదిలారు. మిగతా ఏడుగుర్ని ఆపేశారు. మీ నౌకాదళం పట్టుకున్న మా వందమందిని వదలండి, అప్పుడే వీళ్ళని వదులుతాం అన్నారు. ఒప్పందం కుదిరి, డబ్బు కట్టాక కూడా మనిషి రాలేదు. ఆ ఏడుగురూ 2014 అక్టోబరు చివర్లో గానీ విడుదల కాలేదు. నాలుగేళ్ళు! ఇక్కడున్న పిల్లలు డిగ్రీలో చేరి, పాసై, ఉద్యోగం వెతుక్కునేంత కాలం.

జీతం మాటకొస్తే, అంతర్జాతీయ కార్మిక సంస్థ 2018లో నావికుల ఒప్పందాన్ని సవరించింది. బందీగా ఉన్నంత కాలం, అగ్రిమెంటు గడువు తీరినా సరే, జీతం ఇచ్చి తీరాలి. 2020 డిసెంబరు 26 నుంచి అది అమల్లో ఉంది. ఆ అమ్మకి ఫోన్ చేసి చెప్పాను. “మా వాడికి పనికిరాదు గానీ, మంచిదే” అంది. ఈ సవరణ గురించి ఈ హాల్లో ఎంతమందికి తెలుసు? చేతులెత్తండి... ఇద్దరు. అదీ మన పరిస్థితి.

ఇదంతా పాతకథ అనుకోకండి. సోమాలియా నీళ్ళలోకి వెళ్ళే అనుమతి 2022 మార్చిలో గడువు తీరిపోయింది. 2023 డిసెంబరులో రుయెన్ అనే ఓడను పట్టుకున్నారు. 2024 మార్చిలో మన ఐఎన్ఎస్ కోల్‌కతా, మన నౌకాదళపు మార్కోస్ కమాండోలు నలభై గంటలు పోరాడి పదిహేడు మందినీ ప్రాణాలతో తెచ్చారు. ఒక్కరు కూడా మన దేశం వాళ్ళు కాదు. ఆ మాట విన్నప్పుడు చైనా ఆఫీసరు గొంతు గుర్తొచ్చింది నాకు. అదే నెలలో ఎర్ర సముద్రం పక్కన ట్రూ కాన్ఫిడెన్స్ అనే ఓడ మీద యెమెన్ తిరుగుబాటుదారులైన హూతీల క్షిపణి పడి ముగ్గురు నావికులు పోయారు. ఇద్దరిది ఫిలిప్పీన్స్, ఒకరిది వియత్నాం. ఆ యుద్ధంతో వాళ్ళకేం సంబంధం?

పెద్ద దేశాలు ఎప్పుడు ఎలా కూర్చుంటాయో మన చేతిలో లేదు. ఈ సాయంత్రం ఇళ్ళకి వెళ్ళేలోపు చేయగలిగింది ఒకటుంది. మీ పిల్లలు ఓడెక్కే ముందు ఐదు విషయాలు రాసి ఇంట్లో పెట్టుకోవాలి. ప్రిన్సిపాల్ గారూ, ఆ బోర్డు కాస్త ఇటు జరిపించండి. అమ్మా, పెన్నులు తీయండి. లేనివాళ్ళు పక్కవాళ్ళని అడగండి. మొదటిది, ఓడ పేరు కాదు, పేర్లు మారుస్తారు, ఐఎంఓ నంబరు రాయండి, అది ఓడ పేరు మారినా మారని గుర్తింపు నంబరు, ఏడు అంకెలుంటాయి. రెండోది జెండా ఏ దేశానిదో. మూడోది, నావికుల్ని ఉద్యోగాల్లో పెట్టడానికి ఏజెంటుకి కేంద్ర ప్రభుత్వ నౌకాయాన కార్యాలయం డీజీ షిప్పింగ్ ఇచ్చిన ఆర్‌పీఎస్ఎల్ లైసెన్సు నంబరు. అది చూపించనివాడికి రూపాయి ఇవ్వకండి. నాలుగోది ఓనరు పేరు, అడ్రసు. ఐదోది ఇన్సూరెన్స్ ఎవరిదో. రాశారా? వెనకున్నవాళ్ళకి కనిపిస్తోందా, ఇంకాస్త పెద్దగా రాయనా?