శుభలేఖలో డాలర్ గుర్తులు

అందరికీ నమస్కారం. డీటీపీ చేసేవాళ్లూ, చేయించుకునే రచయితలూ ఇద్దరూ ఉన్నారు కాబట్టి ముందు నా పరువు పోయిన సంగతి చెబుతాను.

బంధువుల పెళ్లి శుభలేఖ నేనే కంపోజ్ చేశాను, పేజీలు కూర్చే పేజ్‌మేకర్ సాఫ్ట్‌వేర్‌లో, యూనికోడ్ కాని పాత ఫాంటుతో. పెన్‌డ్రైవ్‌లో వేసుకుని ప్రెస్సుకెళ్లి తెరిచాను. 'ఈ ఫాంటు లేదు, బదులు ఇది వాడుతున్నా' అని ఓ పెట్టె వచ్చింది. చదవకుండా ఓకే కొట్టాను. 'శ్రీరస్తు' ఉండాల్సిన చోట ఇంగ్లీషు అక్షరాలు, కామాలు, డాలర్ గుర్తులు! పెళ్లికొడుకు తండ్రి నా పక్కనే ఉన్నాడు.

జరిగిందేమిటంటే, ఆ ఫైల్లో 'శ్రీ' ఎప్పుడూ లేదు. ఉన్నవి ఇంగ్లీషు అక్షరాల నంబర్లు. వాటికి తెలుగు బొమ్మ తొడిగేది ఫాంటు. అది లేకపోతే మాటే పోతుంది.

యూనికోడ్‌లో, అంటే ప్రతి భాష అక్షరాలకూ సొంత నంబర్లిచ్చే పద్ధతిలో, అలా కాదు. 1991లో వచ్చిన తొలి వెర్షన్‌లోనే తెలుగుకు 128 స్థానాలు కేటాయించారు. 'శ' ఏ ఫాంటులోనైనా 'శ'నే. మీరు వాడిన రామభద్ర ఫాంటు అవతలి కంప్యూటర్లో లేకపోతే గౌతమో, నిర్మలో, మరో తెలుగు ఫాంటు వచ్చి కూర్చుంటుంది. తెలుగు ఫాంటు ఒక్కటీ లేకపోతే ఖాళీ డబ్బాలు కనిపిస్తాయి. వాటిని 'టోఫు' అంటారు, నోటో ఫాంట్ల పేరు 'నో టోఫు' నుంచే వచ్చింది.

మాట దక్కినా పేజీ దక్కుతుందని నమ్మకం లేదు. ఒత్తుల కింద ఒక్కో ఫాంటు వదిలే జాగా ఒక్కో రకం. లైన్లు జరుగుతాయి, విషయసూచికలో పేజీ నంబర్లన్నీ తప్పుతాయి. పైగా వర్డ్ ఫాంటు పెట్టెలో 'రామభద్ర' అనే చూపిస్తుంది, కింద ఉన్నది మరొకటైనా సరే. ఈ విషయంలో లిబ్రేఆఫీస్ నయం, లేని ఫాంటు పేరును వాలు అక్షరాల్లో చూపిస్తుంది.

అందుకే ప్రెస్సుకు పీడీఎఫ్ పంపండి. పంపేముందు ప్రాపర్టీస్‌లో ఫాంట్స్ ట్యాబ్ తెరిచి, ప్రతి పేరు పక్కన 'ఎంబెడెడ్' (ఫాంటును ఫైల్లోనే పొదిగారు) అని ఉందో లేదో చూడండి. దాచుకునే ప్రతులకు, అందుకోసమే ఉన్న పీడీఎఫ్ రకం పీడీఎఫ్/ఏ మేలు. ఫాంటు లోపల పొదగడం అందులో తప్పనిసరి.

అయితే పొదిగినంత మాత్రాన అయిపోలేదు. ఈ తెర మీదున్నది పాత ఫాంటుతో చేసిన పీడీఎఫ్. ముచ్చటగా ఉంది కదా? ఇందులో ఒక లైను కాపీ చేసి నోట్‌ప్యాడ్‌లో వేస్తున్నాను. ఇదిగో, మళ్లీ అవే డాలర్ గుర్తులు.