వెనక స్ప్రింగులు కుంగిన మా ఎర్టిగా: ఏవి కొన్నాం, ఎట్లా మార్చినాం

అందరికీ నమస్కారం. అనంతపురం నుంచి మాట్లాడుతున్నా. కెమెరా కొంచెం కిందికి దించుతా, టేపు మీద అంకె మీకు కనపడాల. చక్రం నడిమధ్యలో పెట్టి, నిలువుగా పైకి, మడ్‌గార్డ్ అంచు దాకా. ఎడమ పక్క 358 మిల్లీమీటర్లు. కుడి పక్కకు పోదాం రండి. ఇక్కడ 351.

ఇది స్ప్రింగులు మార్చకముందు తీసిన క్లిప్పు. బండి మా ఇంటిదే, 2014 మారుతి ఎర్టిగా, ఏడు సీట్ల కారు. ఇదే మోడల్, ఇదే సైజు టైర్లు ఉన్న స్నేహితుడి బండి ఒకటి కొలిచినాను. వాళ్లింట్లో ఉండేది ఇద్దరే, ఆ బండి పెద్దగా బరువు మోసింది లేదు. దానికి రెండు పక్కలా 372 వచ్చింది. అంటే మాది ఎడమ పక్క 14, కుడి పక్క 21 మిల్లీమీటర్లు కిందికి దిగిపోయింది. కంటికి చూస్తే 'వెనక కొంచెం దిగినట్టుందే' అనిపిస్తుంది, అంతే. టేపు పెడితేనే సంగతి తెలిసింది.

మీరు కొలిచేటప్పుడు నేల నుంచి కొలవద్దు. నేల నుంచి కొలిస్తే టైరులో గాలి తక్కువున్నా, టైరు అరిగినా ఆ తేడా కూడా లెక్కలో కలిసిపోతుంది. చక్రం మధ్య నుంచి కొలిస్తే ఆ గొడవ లేదు. బండి చదునైన చోట ఉండాల, డిక్కీ ఖాళీగా ఉండాల, లోపల ఎవరూ కూర్చోకూడదు. కొలిచే ముందు నాలుగడుగులు ముందుకూ వెనక్కూ నడిపి, వెనక భాగాన్ని రెండు మూడు సార్లు గట్టిగా నొక్కి వదిలితే స్ప్రింగు తన చోట కుదురుకుంటుంది.

కుంగదీసింది మేమే. ఇల్లు కట్టేటప్పుడు వంటింటి అరలకు తాడిపత్రి నుంచి నల్లబండలు తెచ్చినాం. బాడుగ బండి ఎందుకులే, వెనక సీట్లు మడిస్తే పడతాయి కదా అనుకున్నాం. రెండడుగుల వెడల్పు, నాలుగడుగుల పొడవు, అంగుళం మందం ఉండే బండ ఒక్కటి సుమారు 50 కిలోలు తూగుతుంది. ఎనిమిది వేస్తే 400 కిలోలు. ఏడుగురు మనుషుల బరువైతే మూడు వరసల్లో పంచుకుంటుంది, బండలు మాత్రం చాలావరకు వెనక చక్రాల మీదనే కూర్చుంటాయి. అట్లా మూడు ట్రిప్పులు. ఆ తర్వాత ఏటా ఊరి నుంచి శెనక్కాయ మూటలు, మూడో వరసలో మనుషులు ఉండంగానే. ఏడు సీట్ల బండి కదా, ఎంతైనా మోస్తుందిలే అనుకుంటాం. ఏడుగురు పెద్దవాళ్లు కూర్చుంటేనే అది మోయాల్సింది దాదాపు అయిపోతుంది. మీ బండి లెక్క కావాలంటే ఓనర్స్ మాన్యువల్‌లో గ్రాస్ వెయిట్, అంటే నిండుగా ఉన్నప్పుడు బండి మొత్తం ఎంత ఉండొచ్చో చూడండి, అందులోంచి ఆర్సీ మీద ఉండే అన్‌లేడెన్ వెయిట్, అంటే ఖాళీ బండి బరువు తీసేయండి. మిగిలిందే మనుషులకూ మూటలకూ కలిపి.

మొదట కనిపెట్టింది మా జేజి. 'వెనక కూచుంటే నడుం పట్టుకుంటాంది రా, ముందు ఇట్లా లేకుండె' అనింది. పెద్ద మనిషి కదా, వయసు వల్ల అనుకున్నాం. ఆమె చెప్పింది నిజం. స్ప్రింగు కుంగితే చక్రాల ఇరుసుకూ, దాని పైన దెబ్బ ఆపడానికి ఉండే బంప్ స్టాపర్ అనే రబ్బరు దిమ్మెకూ మధ్య ఉండాల్సిన ఖాళీ తగ్గిపోతుంది. స్పీడ్ బ్రేకర్ దిగేటప్పుడు ఆ రబ్బరుకు తగిలి ధడ్ మని శబ్దం వస్తుంది. ఆ దెబ్బ నేరుగా వెన్నుకే.

ఆ శబ్దం వినంగానే అందరూ చెప్పేది ఒకటే: షాకర్లు పోయినాయి, మార్చేయ్. నేనూ మార్చినాను. కొత్త షాకర్లు వేసినా బండి ఎత్తు ఒక్క మిల్లీమీటరు లేవలేదు. బండిని మోసేది స్ప్రింగు. షాకర్ పని వేరే, స్ప్రింగు ఊగుతూ ఉంటే ఆ ఊపును ఆపడం. బండి గుంత దాటినాక రెండు మూడు సార్లు ఊగుతూనే ఉంటే షాకర్ అనుమానించండి. నిలబెట్టిన చోటే కిందికి దిగి ఉంటే స్ప్రింగు అనుమానించండి.

ఇప్పుడు అసలు విషయానికి వస్తా. ఈ వీడియో చేసిందే దీనికోసం. కుంగిన స్ప్రింగు అంటే 'మెత్తబడిన' స్ప్రింగు అనుకుంటాం. అందుకే షాపుకు పోయి గట్టిది ఇమ్మని అడుగుతాం. కానీ ఏళ్ల తరబడి ఎక్కువ బరువు మోస్తే స్ప్రింగు పొట్టిబడుతుంది, దాని గట్టిదనం పెద్దగా మారదు. ఆ గట్టిదనాన్ని నిర్ణయించేవి తీగ మందం, చుట్ల వెడల్పు, పనిచేసే చుట్ల సంఖ్య. కుంగినంత మాత్రాన ఈ మూడూ మారవు కదా. పోయింది ఎత్తు. కాబట్టి తిరిగి తెచ్చుకోవాల్సింది ఎత్తు.

గట్టిది వేస్తే ఏమవుతుందో లెక్క చెప్తా. తీగ మందం పెరిగితే గట్టిదనం దాని నాలుగో ఘాతంతో పెరుగుతుంది. మిగతావన్నీ అవే ఉంచి 12 మిల్లీమీటర్ల తీగ బదులు 13 మిల్లీమీటర్ల తీగ వేస్తే గట్టిదనం ఒక్కసారిగా సుమారు 38 శాతం పెరుగుతుంది. చేతిలో పట్టుకుంటే తేడానే తెలియదు, బండి కింద మాత్రం అంత తేడా. హెవీ డ్యూటీ అని అమ్మే స్ప్రింగులు వేయించుకున్న బంధువుల బండి ఒకటి తీసుకుని కర్నూలు దాకా పోయి వచ్చినాను. నిండుగా జనం ఉంటే బాగానే ఉంది. ఒక్కడినే వచ్చేటప్పుడు వెనక భాగం ప్రతి అతుకు మీదా ఎగురుతూనే ఉంది. పాత షాకర్ అంత గట్టి స్ప్రింగును ఆపలేదు, అది దాని కొలతకు చేసింది కాదు. రోజూ సరుకు మోసే బండికి వేసుకుంటే అర్థముంది. పిల్లల్ని స్కూలుకు తీసుకుపోయే బండికి నేను వేయను.

స్ప్రింగు చుట్ల మధ్య దూర్చే రబ్బరు బఫర్లు కూడా నేను వాడినాను, ఎనిమిది నెలలు. తక్కువ ధర, అరగంట పని, బండి వెంటనే లేచినట్టు కనిపిస్తుంది. అవి చేసేదేమంటే రెండు చుట్లను కదలకుండా పట్టేస్తాయి. ఆరు చుట్లు పనిచేసే చోట ఒకటి ఆగిపోతే గట్టిదనం 20 శాతం పెరుగుతుంది, ఆ చుట్టు చేయాల్సిన పని మిగతా వాటి మీద పడుతుంది. ఇదిగో, బఫర్ తీసేసినాక ఈ జాగా చూడండి. రంగు అరిగిపోయి, మట్టి ఇరుక్కుని, తుప్పు మొదలైంది. మంచి స్ప్రింగు ఉండి, ఎప్పుడో ఒకసారి బరువు ఉంటే వాళ్ల ఇష్టం. కుంగిన స్ప్రింగుకు ఇది వైద్యం కాదు.

ఇంకొకటి, దీన్ని మాత్రం ఎవరు చెప్పినా ఒప్పుకోవద్దు. గ్యాస్ మంటతో కాల్చి సాగదీసి ఇస్తాం అంటారు. లారీ కట్టలను, అంటే పట్టీల స్ప్రింగులను మళ్లీ వంచి వేయడం మన దగ్గర మామూలే కాబట్టి ఇదీ అంతేలే అనిపిస్తుంది. ఇట్లా చుట్లు చుట్టిన కాయిల్ స్ప్రింగు బలమంతా దానికి ఇచ్చిన టెంపర్‌లో, అంటే తయారీలో లెక్కగా వేడిచేసి చల్లార్చి తెచ్చిన గుణంలో ఉంది. మంట తగిలిన చోట ఆ టెంపర్ పోతుంది. వెల్డింగ్ అయితే ఇంకా ప్రమాదం, వేడెక్కిన చోటే పెళుసుబారి విరుగుతుంది. స్క్రాప్‌లో దొరికే పాత స్ప్రింగు కూడా వద్దు, అది ఎంత కుంగిందో, లోపల ఎక్కడ పగులుందో చూసి చెప్పలేం.

అన్నీ చూసి నేను కొన్నది కంపెనీ జెన్యూన్ స్ప్రింగు, జత. బయటి తయారీది కూడా చూసినా, ధర తక్కువే. కానీ దాని మీద పార్ట్ నంబరు లేదు, రంగు గుర్తు లేదు, రెండు స్ప్రింగులు పక్కపక్కన నిలబెడితే ఎత్తులోనే తేడా కనపడింది. పేరున్న తయారీదారుది, మీ మోడల్ పార్ట్ నంబరు వేసి అమ్మేది అయితే తీసుకోవచ్చు. షాపులోనే రెండింటినీ నేల మీద పక్కపక్కన నిలబెట్టి చూడండి, ఎవరూ ఏమీ అనుకోరు.

కొనేటప్పుడు 'ఎర్టిగా వెనక స్ప్రింగు' అని అడిగితే చాలదు. చాసిస్ నంబరు ఇవ్వండి. 2012లో వచ్చిన మొదటి తరం వేరు, 2018లో వచ్చిన రెండో తరం ప్లాట్‌ఫామే వేరు. కంపెనీ సిఎన్‌జి మోడల్ అయితే వెనక సిలిండర్ బరువు ఉంటుంది కాబట్టి సస్పెన్షన్ దానికి తగ్గట్టు ఉంటుంది. స్ప్రింగు మీద వేసిన రంగు చుక్కలు ఏ రకానిదో చెప్పే గుర్తులు, పాతదాన్ని కడిగి ఫోటో తీసుకుపోండి. పైన, కింద ఉండే రబ్బరు సీట్లు, బంప్ స్టాపర్లు కూడా అప్పుడే తీసుకోండి. స్ప్రింగుతో పోలిస్తే వాటి ఖర్చు చాలా తక్కువ. మళ్లీ విప్పితే కూలీ మళ్లీ ఇవ్వాల. ఎప్పుడూ జతగానే మార్చండి. ఒక పక్క కొత్తది, ఒక పక్క కుంగినది ఉంటే బండి వాలి నిలబడుతుంది.

ఇక బిగించడం. ఎర్టిగా, స్విఫ్ట్, బలేనో లాంటి బండ్లలో వెనక టార్షన్ బీమ్ ఉంటుంది, అంటే రెండు వెనక చక్రాలను కలిపే అడ్డ దూలం. స్ప్రింగు ఒక చోట, షాకర్ ఇంకో చోట. అందుకే వెనకది సులువు. ముందరి పక్క స్ప్రింగు షాకర్ చుట్టూ నొక్కి పెట్టి ఉంటుంది, దాన్ని స్ప్రింగ్ కంప్రెసర్ అనే నొక్కిపట్టే పనిముట్టు లేకుండా విప్పితే ప్రాణం మీదికి వస్తుంది. ఈ వీడియో చూసి ముందరిది ముట్టుకోవద్దు, దయచేసి.

మేము మెకానిక్ అన్న షెడ్డులో చేసినాం, రెండు గంటలు పట్టింది. ముందరి చక్రాలకు రెండు వైపులా దిమ్మెలు పెట్టినాం. వెనక బాడీని ఎత్తి, కింద స్టాండ్లు. జాకీ ఒక్కదాన్ని నమ్మి ఎవరూ బండి కిందికి పోకూడదు. చక్రాలు తీసి, బీమ్ కింద ఇంకో జాకీ ఆనించి పెట్టినాకే రెండు షాకర్ల కింది బోల్టులు తీసినాం. అవి ఉన్నంతవరకే బీమ్ కిందికి జారకుండా ఆగుతుంది, కాబట్టి జాకీ ఆనించకుండా బోల్టు ముట్టుకోవద్దు. తర్వాత బీమ్‌ను మెల్లగా దించాల. ఇక్కడ చూడాల్సింది స్ప్రింగును కాదు, బ్రేక్ హోస్‌ను, అంటే బ్రేక్ ఆయిల్ పోయే రబ్బరు పైపును. అది సాగి గట్టిగా అవుతుందంటే ఆపేయాల. ఏబీఎస్ వైరు, హ్యాండ్ బ్రేక్ కేబుల్ కూడా అంతే. 'చేయి స్ప్రింగు మీద పెట్టు, కన్ను హోస్ మీద పెట్టు' అని మెకానిక్ అన్న నాకు నాలుగుసార్లు చెప్పినాడు.

కుడి స్ప్రింగు చేతికి వచ్చింది. దాని కింది చివర లేదు. రెండంగుళాల ముక్క విరిగి, స్ప్రింగు కూర్చునే రబ్బరు గిన్నెలోనే ఉండిపోయింది. అప్పుడు అర్థమైంది కుడి పక్క ఏడు మిల్లీమీటర్లు ఎక్కువ ఎందుకు దిగిందో, మలుపుల్లో టక్ టక్ ఎందుకు వచ్చేదో. బయటి నుంచి చూస్తే ఏమీ కనపడదు. అనంతపురంలో వాన తక్కువ, ఇక్కడ తుప్పెక్కడిది అనుకుంటాం. కంకర రాయి తగిలి ఆ చివర రంగు లేస్తుంది. గిన్నెలో ఎర్రమట్టి నిలబడుతుంది, బండి కడిగిన ప్రతిసారీ ఆ మట్టి రోజంతా తడిగానే ఉంటుంది. తుప్పు గుంతలు పడేది అక్కడే, పగులు మొదలయ్యేదీ అక్కడే. నీళ్ల పైపు పెట్టి కడిగేటప్పుడు ఆ గిన్నె లోపలికి కూడా కొట్టండి, మట్టి బయటికి వచ్చేదాకా.

కొత్తది పెట్టేటప్పుడు స్ప్రింగు కింది కొన గిన్నెలో ఉండే మెట్టుకు సరిగ్గా ఆనాల. తిరిగి ఉంటే ఒకటి రెండు రోజుల్లో తనంతట తనే కుదురుకుంటుందిలే అనద్దు, మళ్లీ దించి సరిగా పెట్టండి. బీమ్ ఎత్తి, షాకర్ బోల్టులు చేతి బిగువు మాత్రమే ఇచ్చి, చక్రాలు వేసి బండిని నేల మీదికి దించినాకే మాన్యువల్‌లో చెప్పిన టార్క్‌కు, అంటే చెప్పినంత బిగువుకు బిగించినాం. గాలిలో ఉండంగానే బిగిస్తే లోపలి రబ్బరు బుష్ మెలికపడి ఉండిపోతుంది, తొందరగా చిరుగుతుంది.

మార్చిన రోజు ఎడమ 375, కుడి 374. కొత్త స్ప్రింగు కొంచెం దిగుతుంది. 500 కిలోమీటర్లు తిరిగినాక రెండు పక్కలా 372.

నాకు అన్నిటికంటే సంతోషం ఇచ్చింది రాత్రి ప్రయాణం. వెనక దిగితే ముందరి లైట్లు పైకి లేస్తాయి. ఈ బండికి ముందు చక్రం నుంచి వెనక చక్రానికి 2740 మిల్లీమీటర్లు. వెనక సగటున 17.5 మిల్లీమీటర్లు దిగితే, 50 మీటర్ల దూరంలో లైటు వెలుగు సుమారు ఒక అడుగు పైకి పోతుంది. అంటే ఇన్నాళ్లూ 44వ నంబరు హైవే మీద ఎదురుగా వచ్చేవాళ్ల కళ్లలోకి కొట్టినాను. డిప్ చేసినా ఎదుటివాళ్లు లైటు కొట్టి తిట్టేవాళ్లు, నాకు అర్థమయ్యేది కాదు. మార్చినాక గోడ ముందర నిలబెట్టి లైట్లు సరిచేయించినాను.

పోయిన వారం అందరం కడప పోయి, అక్కడి నుంచి గువ్వలచెరువు ఘాట్ ఎక్కినాం. మలుపుల్లో టక్ టక్ లేదు. పాలకోవా కొనుక్కుని, తిరిగి వచ్చేటప్పుడు జేజి కావాలనే మూడో వరసలో కూర్చుంది. ఇల్లు చేరేదాకా నడుం మాట ఎత్తలేదు.

పాత స్ప్రింగులు షెడ్డులోనే వదిలేస్తే ఎవరో రంగు వేసి ఇంకొకరి బండికి వేస్తారేమో అని భయమేసింది. మెకానిక్ అన్నను అడిగి గ్రైండర్‌తో రెండింటినీ ముక్కలు చేయించి, నా కళ్ల ముందరే పాత ఇనుముకు వేయించినాను.