మూడు దీపాలూ ఆరేదాకా ఆగాలి

అందరికీ నమస్తే. పోయిన నెల మన పిల్లలు రాసిచ్చిన మాయల కథలన్నీ ఇంటికి పట్టుకెళ్లి రెండేసి సార్లు చదివాను. చాలా కథల్లో ఒకే వస్తువు ఉంది, రెండు వేరువేరు మాయాశక్తుల్ని కలిపి ఒకటి చేసే యంత్రం. ఒకరు దానికి సంగమ పీఠం అని పేరు పెట్టారు. ఆ పేరు నాకెంత నచ్చిందంటే ఈరోజు మాట్లాడేదంతా దాని గురించే. కానీ ప్రతి కథలోనూ నీటిమంత్రం ఉన్న రాయి ఇటు పెడతారు, నిప్పుమంత్రం ఉన్న రాయి అటు పెడతారు, ఒక్కసారిగా వెలుగొస్తుంది, రాక్షసుడు చస్తాడు. కలపడం అంత తేలికైతే ఆ పీఠం కోసం ఏడు సముద్రాలు దాటడం ఎందుకు? చదివేవాళ్లకు టెన్షన్ ఎక్కడ పుడుతుంది?

కలపడం ఎలా ఉంటుందో నేను చిన్నప్పుడు కళ్లారా చూశాను. మా బాపు ఇక్కడే బల్లార్‌పూర్‌లో ఒక మిల్లు పవర్‌హౌస్‌లో పనిచేసేవాడు, రాత్రి షిఫ్టు ఉంటే అమ్మ నాతో డబ్బా పంపేది. ఒక రాత్రి నేను వెళ్లేసరికి నడుస్తున్న జనరేటర్‌కు తోడుగా రెండోదాన్ని కలుపుతున్నారు. బోర్డు మీద మూడు బల్బులు. మూడూ కలిసే వెలుగుతున్నాయి, కలిసే ఆరుతున్నాయి, మొదట గబగబా, తరవాత మెల్లమెల్లగా. బాపు ఒక చెయ్యి స్విచ్చు పిడి మీద ఉంచి, ఇంకో చేత్తో అవతలి మనిషికి కొంచెం తగ్గించు అని సైగ చేస్తున్నాడు. బాపూ అని పిలిచాను. తల తిప్పలేదు. బల్బులు బాగా నెమ్మదిగా వెలిగి, ఇంకా నెమ్మదిగా ఆరి, ఇక వెలగవేమో అనిపించేంతసేపు చీకటిగా ఉన్నాయి చూడండి, అప్పుడు వేశాడు పిడి. టక్కున ఒక చప్పుడు, అంతే. ఆ తరవాత డబ్బా అందుకుని కూరేంటని అడిగాడు.

ఆ బల్బుల సంగతి పెద్దయ్యాక తెలిసింది. మన కరెంటు సెకనుకు 50 సార్లు ఊగుతుంది. రెండు యంత్రాల ఊపు ఒకటి కాకపోతే ఆ తేడాయే వాటి మధ్య కట్టిన బల్బులో వెలుగై కనిపిస్తుంది, సెకనుకు ఒక్క ఊపు తేడా ఉంటే బల్బు సెకనుకోసారి వెలిగి ఆరుతుంది. వోల్టేజీ సమానం కావాలి, వేగం సమానం కావాలి, మూడు ఫేజులూ, అంటే మూడు తీగల్లో ఒకదాని వెనక ఒకటి వచ్చే ఊపులు, ఒకే వరసలో రావాలి, ఊపు పైకి లేచే క్షణం కూడా ఒకటే కావాలి. అన్నీ కుదిరితే బల్బు రెండు కొసల మధ్య తేడా ఏమీ మిగలదు, అందుకే చీకటి. తొందరపడి వెలుగులో ఉండగానే పిడి వేస్తే ఒకదాన్నొకటి బలంగా గుంజుకుంటాయి, ఇరుసు మెలితిరిగిపోవచ్చు, వైండింగులు, అంటే లోపలి తీగచుట్టలు, పాడవచ్చు.

మీ పీఠం మీద కూడా మూడు దీపాలు పెట్టండి. రెండు శక్తులకూ పొత్తు కుదరనంతసేపూ అవి వెలుగుతూ ఆరుతూ ఉండాలి. తలుపు అవతల రాక్షసుడు గొడ్డలితో బాదుతుంటాడు, లోపల ఒక అమ్మాయి పిడి మీద చెయ్యి వేసి ఆ దీపాలనే చూస్తూ నిలబడుతుంది. ఈ ఒక్క ఘట్టం మీద నాలుగు పేజీలు రాయొచ్చు, మీరు రాస్తే నేను చదువుతాను.

పీఠం ఆకారం కోసం దూరం పోనక్కర్లేదు. సిరొంచ నుంచి వంతెన దాటితే కాళేశ్వరం. అక్కడ ఒకే పానవట్టం మీద రెండు లింగాలు, యముడి పేరున కాళేశ్వరుడు, శివుడి పేరున ముక్తేశ్వరుడు. ముక్తేశ్వర లింగానికున్న రంధ్రాల్లో పోసిన నీళ్లు భూమి లోపలినుంచి పోయి గోదావరి, ప్రాణహిత కలిసేచోట తేలతాయని పెద్దల నమ్మకం. ఆ ప్రాణహిత కూడా వార్ధా, వైన్‌గంగా కలిస్తే పుట్టిందే.

శక్తిని దాటించడానికి ఇంకో దారి ఉంది, అది కూడా మన చంద్రపూర్ జిల్లాలోనే ఉంది. గ్రిడ్ అంటే ఎన్నో పవర్ స్టేషన్లనూ ఊళ్లనూ కలిపే కరెంటు లైన్ల వల. ఒకప్పుడు పడమటి గ్రిడ్ ఊపు వేరు, దక్షిణాది గ్రిడ్ ఊపు వేరు. భద్రావతి దగ్గర 1000 మెగావాట్ల స్టేషన్ కట్టి, ఒకవైపు నుంచి వచ్చిన కరెంటును ముందు డీసీ చేసి, అంటే దాని ఊపు మాన్పించి, అవతలివాళ్ల ఊపుకు తగ్గట్టు మళ్లీ ఏసీ చేసి రామగుండం వైపు పంపారు. శక్తి దాటుతుంది కానీ ఎవరి ఊపు వాళ్లదే. 2012 జులై 30న ఉత్తరాది గ్రిడ్, మర్నాడు దాంతోపాటు తూర్పు, ఈశాన్య గ్రిడ్లు కూలిపోయి దాదాపు 60 కోట్ల మందికి కరెంటు పోతే, దక్షిణాది ఆ ఊపులో లేదు కాబట్టి నిలబడింది. అయినా 2013 డిసెంబరు 31న రాయచూర్–షోలాపూర్ 765 కిలోవోల్టుల లైను మీదుగా అదీ కలిసిపోయింది. ఎందుకంటే కలిసి తిరిగే యంత్రాల్లో ఒకటి తడబడితే మిగతావి దాన్ని పట్టి నిలబెడతాయి, ఒకచోట కొరత పడితే ఇంకోచోటి నుంచి వస్తుంది. కథలో ఇద్దరు గురువులు దీని గురించే గొడవపడితే బాగుంటుంది, ఒకరు మధ్యలో గోడ ఉండాలంటారు, ఒకరు వద్దంటారు. నేనైతే గోడ వద్దనే గురువు పక్షం, కూలితే అందరం కూలతామన్న భయం తెలిసి కూడా.

ఇందాక ముందు వరసలో బిడ్డ అడిగింది, పీఠం చల్లబడిపోతే మళ్లీ ఎలా లేపాలి అని. గ్రిడ్ మొత్తం పడిపోయినప్పుడు సాధారణంగా ముందు నీటి కరెంటు యంత్రాల్ని లేపుతారు, వాటిని లేపడానికి బయటి కరెంటు చాలా కొంచెం చాలు. బొగ్గు స్టేషన్ లేవాలంటే దాని పంపులకూ ఫ్యాన్లకూ బోలెడు కరెంటు కావాలి, అది ఆ నీటి యంత్రం నుంచి వస్తుంది. తరవాత ఒక్కొక్కదాన్నీ ఊపు చూసుకుంటూ కలుపుకుంటూ పోతారు. కాబట్టి బిడ్డా, నీ కథలో ముందు నీటిరాయి లేవాలి, అదే వెళ్లి నిప్పురాయిని లేపాలి.