స్వరలిపి గుర్తులకు వర్డ్‌లో షార్ట్‌కట్లు

(తెరపై: వర్డ్‌లో ఖాళీ పుట. అందులో ఒకే పంక్తి. స రి । స రి గ మ ॥ రి గ । రి గ మ ప ॥)

నమస్కారం. తెరపై కనిపిస్తున్నది రూపక తాళపు అలంకారం మొదటి పంక్తి. చతురస్ర జాతి రూపకంలో రెండు అక్షరాల ద్రుతం ఒకటి, నాలుగు అక్షరాల లఘువు ఒకటి కలిసి ఆరు అక్షరాలు అవుతాయి కనుక, రెండు స్వరాల తరువాత ఒక నిలువు గీత, ఆపై నాలుగు స్వరాల తరువాత జంట గీత పడ్డాయి. తెలుగు కీబోర్డు అలవాటున్న వారికి స్వరాలు టైపు చేయడం ఏమంత పని కాదు. చేయి ఆగిపోయేది వాటి చుట్టూ ఉండే గుర్తుల దగ్గర. తాళం గీతలు, తారస్థాయికి (పై స్థాయికి) పైన పెట్టే చుక్క, మంద్రస్థాయికి (కింది స్థాయికి) కింద పెట్టే చుక్క, రిషభం (రి) ఏ రిషభమో చెప్పే చిన్న అంకె వంటివి కీబోర్డు మీద ఎక్కడా ముద్రించి ఉండవు.

ఆదిభట్ల నారాయణదాసు గారు తొలి అధ్యక్షులుగా 1919లో సంగీత కళాశాల మొదలైన ఊరు విజయనగరం. అక్కడి డీటీపీ దుకాణానికి శుభలేఖలతో పాటు స్వరలిపి కాగితాలు కూడా రావడంలో వింత లేదు. గురువుగారు చేతిరాతతో ఇచ్చిన పాఠాన్ని టైపు చేయవలసి వచ్చినప్పుడు చాలామంది చేసే పని ఒకటే: గుర్తును ఒక్కసారి ఎక్కడినుంచో తెచ్చి, దాన్నే కాపీ చేసి, పుటంతా పేస్టు చేసుకుంటూ పోవడం. నాలుగు పంక్తుల గీతానికి ఆ పద్ధతి సరిపోతుంది గాని, ఏడు తాళాల అలంకారాలు వరసగా ఎక్కించవలసినప్పుడు పని ముందుకు సాగదు.

వర్డ్‌లో ఇందుకు మూడు దారులున్నాయి. ఏ గుర్తుకు ఏ దారి పట్టాలన్నది ఆ గుర్తు పుటలో ఎంత తరచుగా వస్తుంది, దాని ముందు ఖాళీ ఉంటుందా లేక అక్షరానికి అంటుకుని ఉంటుందా అనే రెండు విషయాలను బట్టి తేల్చుకోవాలి. అన్నింటికీ ఒకే పద్ధతి పెట్టుకున్న వారు కొన్నాళ్ళకు ఏ మీట దేనికో మరచిపోయి మళ్ళీ కాపీ, పేస్టుల దగ్గరకే వస్తారు.

(తెరపై: గ అక్షరం పక్కన 2083 అనే అంకెలు టైపు అవుతాయి. ఆల్ట్, ఎక్స్ మీటలు వెలుగుతాయి. అంకెల స్థానంలో గ₃ కనిపిస్తుంది.)

మొదటి దారి గుర్తు సంఖ్యను నేరుగా టైపు చేయడం. కంప్యూటర్లన్నీ అక్షరాలకు వాడే ఉమ్మడి పట్టిక అయిన యూనికోడ్‌లో ప్రతి గుర్తుకూ ఒక సంఖ్య ఉంటుంది. ఆ సంఖ్యను టైపు చేసి, కర్సర్‌ను కదపకుండా ఆల్ట్ మీటను నొక్కిపట్టి ఎక్స్ నొక్కితే, సంఖ్య పోయి గుర్తు వస్తుంది. మన అదృష్టం కొద్దీ స్వరలిపికి ఎక్కువగా కావలసిన గుర్తుల సంఖ్యలలో ఆంగ్ల అక్షరాలు లేవు. ఒంటి గీత 0964, జంట గీత 0965, కింద కూర్చునే చిన్న అంకెలు ఒకటి నుండి నాలుగు వరకు 2081, 2082, 2083, 2084, పై చుక్క 0307, కింది చుక్క 0323. గుర్తు వచ్చిన తరువాత మళ్ళీ ఆల్ట్, ఎక్స్ నొక్కితే అది తిరిగి సంఖ్యగా మారుతుంది కనుక, ఎవరో పంపిన ఫైలులో తెలియని గుర్తు ఏదైనా ఉంటే దాని సంఖ్యను కూడా ఇలాగే తెలుసుకోవచ్చు. ఒక్క జాగ్రత్త అవసరం. సంఖ్యకు ముందు వేరే అంకె ఆనుకుని ఉంటే వర్డ్ దాన్ని కూడా కలిపి చదువుతుంది. అలాంటి చోట కావలసిన నాలుగు అంకెలను మాత్రమే సెలెక్ట్ చేసి, ఆ తరువాత ఆల్ట్, ఎక్స్ నొక్కాలి.

పుటకు ఒకటి రెండుసార్లు వచ్చే గుర్తులకు ఈ దారి చాలు. తాళం గీతకు చాలదు, ఎందుకంటే అది ప్రతి పంక్తిలోనూ వస్తుంది.

(తెరపై: ఇన్సర్ట్, సింబల్, మోర్ సింబల్స్ వరసగా తెరుచుకుంటాయి. క్యారెక్టర్ కోడ్ పెట్టెలో 0964. కింద షార్ట్‌కట్ కీ బటన్ చుట్టూ ఎర్రని గీత.)

రెండవ దారి గుర్తుకు సొంత మీటను కేటాయించడం. ఇన్సర్ట్‌లో సింబల్, దానిలో మోర్ సింబల్స్ తెరిచి, కింద ఉన్న క్యారెక్టర్ కోడ్ పెట్టెలో 0964 అని టైపు చేస్తే గీత దగ్గరకు తీసుకుపోతుంది. ఆ పెట్టె పక్కన యూనికోడ్ హెక్స్ అని ఉన్నదో లేదో చూసుకోండి. పైన ఫాంట్ అని ఉన్న చోట వీలైనంత వరకు నార్మల్ టెక్స్ట్ అని ఉండనివ్వండి. అక్కడ వేరే ఫాంటును ఎంచుకుంటే, మీట నొక్కిన ప్రతిసారీ గుర్తు ఆ ఫాంటులోనే పడి, పక్కనున్న స్వరాలకు పొత్తు కుదరకుండా ఉంటుంది. ఇప్పుడు షార్ట్‌కట్ కీ బటన్ నొక్కండి. కొత్త మీటల కోసం ఒక ఖాళీ గడి తెరుచుకుంటుంది.

ఇక్కడ కాస్త నిదానంగా చూడాలి. చాలామంది గుర్తుండడానికి సులువని కంట్రోల్, ఆల్ట్, 1 కలిపి నొక్కుతారు. నొక్కగానే ఆ గడి కింద, ఆ మీటలు అప్పటికే మొదటి స్థాయి శీర్షికకు కేటాయించి ఉన్నాయని సన్నటి అక్షరాలతో కనిపిస్తుంది. కంట్రోల్, ఆల్ట్‌తో 1, 2, 3 అంకెలు మూడూ శీర్షికలవే. చూడకుండా అసైన్ నొక్కితే వర్డ్ అడ్డు చెప్పదు. శీర్షిక మీట పోయి దాని స్థానంలో తాళం గీత వస్తుంది, అంతే. పది అధ్యాయాల పుస్తకానికి శీర్షికలు పెట్టవలసిన రోజు వచ్చే వరకు ఆ సంగతి బయటపడదు. గడి కింద అన్‌అసైన్డ్ అని కనిపించే వరకు మీటలు మార్చి చూడడమే సరైన పద్ధతి.

ఖాళీ మీటలు దొరకనప్పుడు రెండు అంచెల మీటను పెట్టుకోవచ్చన్న సంగతి ఎక్కువమందికి తెలియదు. ఆ గడిలో కంట్రోల్, ఆల్ట్, జి కలిపి నొక్కి వదిలి, వెంటనే 1 నొక్కండి. రెండూ పక్కపక్కన కనిపిస్తాయి. అన్‌అసైన్డ్ అని ఉంటే అసైన్ నొక్కండి. అదే తొలి మీటతో 2 జంట గీతకు, 3 పై చుక్కకు, 4 కింది చుక్కకు పెట్టుకుంటే గుర్తులన్నీ ఒకే ఇంటిపేరుతో ఉంటాయి, వర్డ్ సొంత మీటలు ఒక్కటీ పోవు.

ఇన్‌స్క్రిప్ట్ కీబోర్డుతో టైపు చేసే వారికి ఒక మాట. విండోస్‌లో కుడివైపు ఆల్ట్‌తో గుర్తులు వచ్చే కీబోర్డులలో ఆ మీట, కంట్రోల్ ఆల్ట్ కలిపి నొక్కడంతో సమానం. కుడి ఆల్ట్‌తో తెచ్చుకునే గుర్తులు ఏవైనా మీకు అలవాటై ఉంటే, ఆ మీటలను స్వరలిపికి ఇవ్వకండి. ఆంగ్లం ఇండియా కీబోర్డులో రూపాయి గుర్తు కుడి ఆల్ట్, 4 మీద ఉన్నది ఇందుకు తెలిసిన ఉదాహరణే.

(తెరపై: స అక్షరం. దాని పక్కన కర్సర్. మీటలు నొక్కగానే స̇ కనిపిస్తుంది. తరువాత స̣.)

స్థాయి చుక్కకు సొంత మీట తప్పనిసరి అనడానికి కారణం ఉంది. చుక్క తనంతట తాను నిలబడే అక్షరం కాదు, తన ముందున్న అక్షరం మీద కూర్చుంటుంది. కనుక స్వరాన్ని టైపు చేసిన వెంటనే, ఖాళీ వదలకుండా, చుక్క మీటను నొక్కాలి. అయితే ఈ చుక్కలను తెలుగు కోసం ప్రత్యేకంగా చేయలేదు. కొన్ని ఫాంట్లలో చుక్క సరిగ్గా స్వరం నెత్తిన పడుతుంది, కొన్నింటిలో పక్కకు జరుగుతుంది, కొన్నింటిలో చుక్కల వలయం ఒకటి అదనంగా తోడవుతుంది. గుడి, కొమ్ము ఉన్న రి, ని, గు వంటి అక్షరాల మీదనే తేడా ఎక్కువగా తెలుస్తుంది. కాబట్టి ఏడు స్వరాలకూ పైనా కిందా చుక్కలు పెట్టి ఒక పంక్తి టైపు చేసి, మీ దగ్గరున్న తెలుగు ఫాంట్లను ఒక్కొక్కటిగా మార్చి చూసి, బాగా కుదిరిన దానిని ఎంచుకున్న తరువాతే పని మొదలుపెట్టండి.

(తెరపై: రి1 టైపు అవుతుంది. స్పేస్ నొక్కగానే రి₁ అవుతుంది.)

మూడవ దారి ఆటోకరెక్ట్. రాగం ఆరోహణ, అవరోహణలు రాసేటప్పుడు ఇది ఎంతో హాయి. మాయామాళవగౌళ రాగపు ఆరోహణ స రి₁ గ₃ మ₁ ప ద₁ ని₃ స అని రాయాలి. ఫైల్, ఆప్షన్స్, ప్రూఫింగ్‌లో ఆటోకరెక్ట్ ఆప్షన్స్ తెరిచి, రీప్లేస్ అనే గడిలో రి1 అని, విత్ అనే గడిలో రి₁ అని ఇచ్చి యాడ్ నొక్కండి. ఇక రి1 టైపు చేసి స్పేస్ నొక్కితే చిన్న అంకె దానంతట అదే కిందికి దిగుతుంది. రి, గ, ద, ని స్వరాలకు మూడేసి, మధ్యమానికి రెండు, మొత్తం 14 నమోదులు చేస్తే 72 మేళకర్తల (మూల రాగాల) ఆరోహణలకూ సరిపోతాయి. షడ్జమానికి, పంచమానికి భేదాలు లేవు కనుక వాటికి అంకె అక్కరలేదు. కొత్తగా గుర్తుంచుకోవలసిన మీట ఒక్కటి కూడా లేకపోవడం వల్ల నాకు మూడింటిలోనూ ఇదే ఇష్టం.

లఘువు (।), ద్రుతం (○) వంటి తాళం అంగాలను కూడా ఇలాగే పెట్టుకోవచ్చు. ఆది తాళానికి ఆదితా అని టైపు చేస్తే ।₄ ○ ○ వచ్చేలా, రూపక తాళానికి రూపతా అంటే ○ ।₄ వచ్చేలా చేసుకోండి. నిజంగా ఆదితా అనే అక్షరాలే కావలసిన చోట, మారిన వెంటనే కంట్రోల్, జెడ్ నొక్కితే మార్పు రద్దవుతుంది.

ఆటోకరెక్ట్ కొందరికి పనిచేయకపోవడానికి భాషే ముఖ్య కారణం. ఈ జాబితాను వర్డ్ ఒక్కొక్క భాషకు వేరుగా దాచుకుంటుంది. ఆ కిటికీ పైభాగంలో ఆటోకరెక్ట్ అనే మాట పక్కన ఏ భాష పేరు ఉన్నదో చూడండి. అక్కడ ఇంగ్లీష్ అని ఉండగా నమోదు చేసినది తెలుగు పాఠంలో పలకకపోవచ్చు. కర్సర్‌ను తెలుగు పంక్తిలో ఉంచి, ఆ తరువాతే కిటికీని తెరవడం మంచిది. అను ఫాంట్లతో టైపు చేసిన పాత ఫైళ్ళలో మాత్రం ఈ నమోదులు ఎలాగూ పనిచేయవు. అక్కడ తెరపై తెలుగు కనిపిస్తున్నా, లోపల ఉన్నవి యూనికోడ్ తెలుగు అక్షరాలు కావు.

లిబ్రేఆఫీస్ రైటర్ వాడేవారికి ఆల్ట్, ఎక్స్ పద్ధతి యథాతథంగా పనిచేస్తుంది. ఆటోకరెక్ట్ టూల్స్‌లో ఉంటుంది, భాషను పైనే ఎంచుకోవచ్చు. గుర్తుకు నేరుగా మీట ఇచ్చే బటన్ దానిలో లేదు కనుక, కంట్రోల్, ఎఫ్3తో ఆటోటెక్స్ట్‌లో ఒక పొట్టిపేరు పెట్టుకుని, ఆ పేరు టైపు చేసి ఎఫ్3 నొక్కడం దగ్గరి దారి. గూగుల్ డాక్స్‌లో అయితే టూల్స్, ప్రిఫరెన్సెస్, సబ్‌స్టిట్యూషన్స్ చూడండి.

(తెరపై: ఒకే పంక్తి రెండుసార్లు. ఎడమవైపు వర్డ్‌లో, కుడివైపు వాట్సాప్‌లో. కుడివైపు పంక్తిలో స్వరాల కింది గీతలు లేవు.)

కింది అంకెకు ఇంత శ్రమ ఎందుకు, కంట్రోల్‌తో సమానపు గుర్తు మీట నొక్కితే వర్డే అంకెను కిందికి దించుతుంది కదా అని అడగవచ్చు. దించుతుంది, కాని అది అలంకరణ మాత్రమే. పంక్తిని వాట్సాప్‌లో పేస్టు చేస్తే అంకె మామూలుగా పైకి వచ్చేస్తుంది. అదేమంత నష్టం కాదు, రి1 అని ఉన్నా శిష్యులు చదువుకోగలరు. రెండవ కాలాన్ని (రెట్టింపు వేగాన్ని) సూచించడానికి స్వరాల కింద గీత గీసే వారి విషయం వేరు. ఆ గీత కూడా అలంకరణే. అది పోతే పాఠంలో కాలమే మారిపోతుంది, పోయినట్టు చదివేవారికి తెలియదు కూడా. దానికి షార్ట్‌కట్ ఏదీ మందు కాదు. కాలభేదం ఉన్న పుటలను అక్షరాలుగా పంపకుండా, సేవ్ యాజ్‌లో పీడీఎఫ్‌గా మార్చి పంపండి. మీరు ఎంచుకున్న ఫాంటు ఎదుటివారి ఫోనులో లేకపోయినా చుక్కలు, గీతలు పెట్టిన చోటనే ఉంటాయి.