దెనీ లవాన్: ముఖం కంటే ముందు కాళ్లు చూడాల్సిన నటుడు

అందరికీ నమస్కారం.

1961లో పుట్టిన ఫ్రెంచ్ నటుడు దెనీ లవాన్ పొట్టి మనిషి, గరుకు ముఖం. చిన్నప్పుడే మూకాభినయం మీద మనసు పడ్డారు, తర్వాత పారిస్‌లో నాటకం నేర్చుకున్నారు. దర్శకుడు లియోస్ కారాక్స్ 1984, 1986, 1991లలో తీసిన మూడు సినిమాల్లోనూ ఆయన పాత్ర పేరు అలెక్స్. అది కారాక్స్ అసలు పేరు కూడా.

1986 నాటి 'మోవే సాఁ'లో రాత్రి వీధిలో ఒక పరుగు ఉంది. రేడియోలో బ్రిటిష్ గాయకుడు డేవిడ్ బోవీ పాట మొదలవుతుంది. లవాన్ ముందు కుంటుతూ నడుస్తారు, తన పొట్టను తనే గుద్దుకుంటారు, ఆ తర్వాతే పరుగు అందుకుంటారు. కెమెరా పక్కనే సాగుతూ తల నుంచి పాదం దాకా చూపిస్తుంది. అదే పరుగును క్లోజప్పుల్లో ముక్కలు చేసి ఉంటే మనకు మిగిలేది ఆయాసపడే ముఖం ఒక్కటే.

ఒంటిని నమ్ముకున్న నటనకు ఒంటి దెబ్బే గండం. ఆ మూడింటిలో చివరిదైన 'పోన్ నెఫ్' వంతెన సినిమాకి పారిస్‌లో అసలు వంతెన మీద అనుమతి దొరికింది కొద్దిరోజులకే. ఆ సమయంలో లవాన్ చేతి బొటనవేలికి గాయమైంది, గడువు చేజారింది. దక్షిణ ఫ్రాన్స్‌లోని మోంపెలియే దగ్గర వంతెన సెట్ వేయాల్సి వచ్చింది. ఖర్చు తడిసి మోపెడై, షూటింగ్ ఆగి ఆగి సాగి, సినిమా 1991లో గానీ బయటకు రాలేదు.

నా లెక్కలో ఆయన శిఖరం 1999లో క్లేర్ దెనీ తీసిన 'బో త్రవాయ్'. తూర్పు ఆఫ్రికాలోని జిబూతీలో, విదేశీయులను చేర్చుకునే ఫ్రాన్స్ సైనిక దళం 'ఫారిన్ లీజియన్' అధికారి గలూ పాత్ర. సినిమా అంతా బిగదీసుకుని ఉంటారు: పరుపు మీద దుప్పటి ముడత లేకుండా సర్దుతారు, చొక్కాకి ఇస్త్రీ పెడతారు. చివర్లో మంచం మీద తుపాకీతో పడుకున్నప్పుడు చేతి కండలో ఒక నరం కొట్టుకోవడం కనిపిస్తుంది. డిస్కో పాట అక్కడే మొదలవుతుంది. ఆ వెంటనే అద్దాల గోడ ముందు నల్లబట్టల్లో, సిగరెట్‌తో లవాన్. ఒక చుట్టు తిరిగి ఆగుతారు. మళ్లీ కాస్త కదిలి ఆగుతారు. ఆ తర్వాత ఒక్కసారిగా ఎగిరి, నేల మీద దొర్లుతారు. దీన్ని అనుకరించేవాళ్లు మొదటి క్షణం నుంచే ఊగిపోతారు, అందుకే తేలిపోతారు. ఆగిన ఆ క్షణాల్లో ఊరిన ఒత్తిడే ఆ ఎగరడానికి బలం. గంటన్నర పాటు బిగించి కూర్చోకపోతే ఆ విడుదల మనల్ని తాకదు.

2012లో 'హోలీ మోటర్స్'. మళ్లీ కారాక్సే. తెల్లటి లిమోజిన్‌లో పారిస్ అంతా తిరుగుతూ, ఒకే రోజులో ముసలి బిచ్చగత్తె నుంచి హంతకుడి దాకా వేషాలు మారుస్తారు. అందులో ఒకచోట ఒంటి కదలికలను కంప్యూటర్‌కి ఎక్కించే సెన్సర్లు ఒంటినిండా అతికించుకుని ట్రెడ్‌మిల్ మీద పరిగెత్తి కిందపడతారు.

కొత్తగా చూసేవాళ్లు 'బో త్రవాయ్'తో మొదలుపెట్టండి. 'హోలీ మోటర్స్' కంటే ముందు మాత్రం 'మోవే సాఁ' తప్పకుండా చూడండి. 'హోలీ మోటర్స్'కి ఇరవై ఆరేళ్ల ముందటి ఆ వీధి పరుగు తెలిసినవాళ్లకే, వీధి లేని ఈ ట్రెడ్‌మిల్ పరుగు ఎంత నొప్పిగా ఉందో అందుతుంది.