నార్నియా అన్యాపదేశం కాదు: మూడు అంగీల కథతో ఒక వివరణ

నమస్కారం.

సి. ఎస్. లూయిస్ పిల్లల కోసం రాసిన నార్నియా కథల గురించి ఎవరు రాసినా, రెండో వాక్యానికల్లా ఒక మాట వచ్చేస్తుంది: ‘ఇది క్రైస్తవ అలిగరీ.’ సింహం అంటే క్రీస్తు, మంత్రగత్తె అంటే సాతాను, అంతటితో పుస్తకం అర్థమైపోయినట్టే. ఈ మాట విన్న ప్రతిసారీ నాకు కష్టంగా ఉంటుంది. గొడవ మతం గురించి కాదు. క్రైస్తవులూ ఈ పొరపాటు చేస్తున్నారు, కానివాళ్ళూ చేస్తున్నారు. నా బాధంతా అలిగరీ అనే పదం గురించే. తెలుగులో దాన్ని అన్యాపదేశం అంటాం. అది ఒక నిర్దిష్టమైన పనితనం. రెండో అర్థం తోచిన ప్రతి కథకూ ఆ పేరు తగిలిస్తే, ఆ పని నిజంగా చేసినవాళ్ళకు దక్కాల్సింది దక్కదు.

పైగా లూయిస్ ఈ తేడా తెలియనివాడు కాదు. నార్నియా మొదటి పుస్తకం వచ్చింది 1950లో. అంతకు 14 ఏళ్ళ ముందే, 1936లో, మధ్యయుగపు ప్రేమ కావ్యాల్లో అన్యాపదేశం ఎలా పుట్టింది, ఎలా పెరిగింది అని ఒక పెద్ద పరిశోధన గ్రంథం రాశాడు. దాని పేరే ‘ది అలిగరీ ఆఫ్ లవ్’. అలాంటి మనిషి ‘నేను రాసింది అన్యాపదేశం కాదు’ అని చెబితే, కాసేపు ఆగి వినడం మన ధర్మం.

సరే, అసలు అన్యాపదేశం ఎలా పనిచేస్తుందో చూద్దాం. దీనికి నాకు అన్నిటికన్నా ఇష్టమైన ఉదాహరణ ఒకటుంది. ఈ వీడియో అంతా దాన్ని వదలను.

[తెర మీద: మూడు సాదా అంగీలు, పక్కన ఒక వీలునామా]

జోనథన్ స్విఫ్ట్ పుస్తకం ‘ఎ టేల్ ఆఫ్ ఎ టబ్’. 1704లో రచయిత పేరు లేకుండా అచ్చయింది. తిమింగలం ఓడ మీదికి వస్తుంటే నావికులు దాని ముందు ఖాళీ తొట్టి విసిరి దారి మళ్ళించేవారట. ఈ పుస్తకం అలాంటి తొట్టి అని ఆయన ముందుమాటలో చెబుతాడు. అందులో ఒక తండ్రి చనిపోతూ ముగ్గురు కొడుకులకు తలా ఒక అంగీ ఇస్తాడు. జాగ్రత్తగా వాడుకుంటే అవి జీవితాంతం చిరగవు, ఒంటితో పాటు అవీ పెరుగుతాయి. ఒక వీలునామా కూడా ఇస్తాడు: స్పష్టమైన ఆజ్ఞ లేకుండా ఈ అంగీలకు ఒక్క పోగు కలపకూడదు, ఒక్క పోగు తీయకూడదు.

కొన్నేళ్ళు బాగానే ఉంటారు. తర్వాత పట్నం చేరతారు. అక్కడ భుజాల మీద ముడులు కట్టుకోవడం ఫ్యాషన్. ముడి లేనివాణ్ణి ఎవరూ గుమ్మం తొక్కనివ్వరు. అన్నదమ్ములు వీలునామా తీసి వెతుకుతారు. భుజపు ముడి అనే మాట ఎక్కడా లేదు. అప్పుడు వాళ్ళలో చదువుకున్నవాడు ఒక ఉపాయం చెబుతాడు: మాటగా లేకపోతే, విడి అక్షరాలుగా ఉందేమో ఏరుకుందాం. ఏరుతారు. ఎస్ దొరికింది, హెచ్ దొరికింది, ఓ దొరికింది. భుజం అనే ఇంగ్లిష్ మాట మొత్తం కూడింది. ముడి అనే మాటకు కావలసిన ‘కె’ మాత్రం ఎంత వెతికినా లేదు. దానికీ దారి ఉంది! పాత రాతప్రతుల్లో ‘కె’ అనే అక్షరమే లేదు, అది తర్వాతి కాలపు దొంగ అక్షరం, ఇకమీదట ముడిని ‘సి’తో రాసుకుందాం అని తీర్మానిస్తాడు. మర్నాటి నుంచి ముగ్గురి భుజాల మీదా ముడులే.

తర్వాత బంగారు సరిగ కావాల్సి వస్తుంది. ‘నాన్నగారు అలా అన్నారని పనివాడు అన్నాడని చిన్నప్పుడు ఎవరో చెబితే విన్నాం’ అనేదే సాక్ష్యం. ఆ తర్వాత వెండి అంచు. దాన్ని వీలునామా పేరు పెట్టి మరీ వద్దంది. అయితే ఆ మాటకు చీపురుకర్ర అనే అర్థం కూడా ఉందట, తండ్రి వద్దన్నది దాన్నేనట. చివరికి వీలునామానే పెట్టెలో పెట్టి తాళం వేస్తారు.

ఈ కథకు తాళంచెవి ఏమిటో ఈపాటికి మీరే చెప్పగలరు. అంగీ అంటే క్రైస్తవ మతం. వీలునామా అంటే బైబిలు. పీటర్ అనే అన్న రోమన్ కాథలిక్ సంఘం, మార్టిన్ ఇంగ్లండు సంఘం, జాక్ కాల్విన్ అనుచరులు. పీటర్ రొట్టె ముక్క కోసి పెట్టి ‘ఇది అచ్చమైన మాంసం’ అని దబాయిస్తాడు. ప్రభువు బల్ల సంస్కారంలో రొట్టె నిజంగా క్రీస్తు శరీరంగా మారుతుందా అని జరిగిన వాదమంతా ఆ ఒక్క భోజనంలో ఉంది. తప్పు తెలిసిన తర్వాత మార్టిన్ ఆ అలంకారాలను ఒక్కొక్క కుట్టే విప్పుతాడు, బట్ట చిరిగేలా ఉన్నచోట వదిలేస్తాడు. జాక్ ఆవేశంతో లాగి పారేస్తాడు, అంగీ పీలికలవుతుంది. యూరప్ మత సంస్కరణ చరిత్ర మొత్తం ఒక దర్జీ దుకాణంలోకి వచ్చి కూర్చుంది. స్విఫ్ట్ స్వయంగా ఇంగ్లండు సంఘానికి తోడబుట్టిన ఐర్లండు సంఘపు పురోహితుడు కాబట్టి మార్టిన్ మీద చేయి మెత్తగా వేశాడు. అది ఆయన పక్షపాతం. అయినా కుట్టుపని చూసి నేను ఇప్పటికీ ఆశ్చర్యపోతుంటాను.

ఇక్కడ గమనించాల్సింది ఒకటే. అన్యాపదేశంలో తాళంచెవిని జాబితాగా రాయవచ్చు. ఆ చెవి పెట్టి ఎక్కడ తిప్పినా కథ తెరుచుకుంటుంది. శత్రువు కూడా ఆ జాబితా రాయగలడు. నిజంగా రాశాడు కూడా. విలియం వాటన్ అనే పండితుడు ఈ పుస్తకం మీద కోపంతో 1705లో ఒక ఖండన రాస్తూ, దేని అర్థం ఏమిటో విడమరిచాడు. స్విఫ్ట్ ఏం చేశాడంటే, 1710లో వచ్చిన అయిదో ముద్రణలో ఆ విరోధి వివరణలనే తెచ్చి, ఆయన పేరుతోనే పేజీల అడుగున పెట్టాడు. ఇంత చక్కని జవాబు నేను మరో చోట చూడలేదు.

వ్యంగ్యం లేకుండానూ అన్యాపదేశం ఉంటుంది. జాన్ బన్యన్ 1678లో రాసిన ‘యాత్రికుని ప్రయాణం’ తెలుగు క్రైస్తవ కుటుంబాల్లో చాలామంది చదివినదే. అందులో నిరాశ ఒక రాక్షసుడు, సందేహం అతని కోట. ఎండ బాగా కాసిన రోజుల్లో ఆ రాక్షసుడికి మూర్ఛ వచ్చి చేయి పడిపోతుంది. వాగ్దానం అనే తాళంచెవితో ఖైదీలు బయటపడతారు. నిరాశకు లోనైనవాళ్ళను అడగండి, ఎండ గురించి బన్యన్ రాసింది ఎంత నిజమో చెబుతారు. మనకు ‘ప్రబోధచంద్రోదయం’ ఉండనే ఉంది. కృష్ణమిశ్రుడి సంస్కృత నాటకాన్ని నంది మల్లయ, ఘంట సింగన తెలుగు చేశారు. వివేకుడు రాజు, మహామోహుడు శత్రువు, శాంతి తన తల్లి శ్రద్ధను వెతుక్కుంటూ మతం మతం దగ్గరికీ వెళుతుంది. ఆ వెతుకులాటలో స్విఫ్ట్‌కు తీసిపోని అధిక్షేపం ఉంది.

లూయిస్ తన గ్రంథంలో చెప్పింది సుమారుగా ఇది: అన్యాపదేశం కంటికి కనిపించని దానితో మొదలవుతుంది. మీలో కోపానికీ ఓర్పుకూ పెనుగులాట జరుగుతోంది. దాన్ని చూపడానికి చేతిలో కాగడాతో కోపం అనే మనిషిని కల్పిస్తారు, ఎదురుగా ఓర్పును నిలబెడతారు. లోపలి సంగతి నిజం, బయటి మనిషి కల్పన. అంగీ కల్పన, మతం నిజం.

[తెర మీద: మంచు, దీపస్తంభం, గొడుగు పట్టుకున్న ఫాన్ (సగం మనిషి, సగం మేక)]

ఇప్పుడు అదే జాబితా నార్నియాకు రాద్దాం. ఆస్లాన్ అనే సింహం, క్రీస్తు. సరే. తోబుట్టువులకు ద్రోహం చేసి, ఆస్లాన్ తన ప్రాణమిచ్చి విడిపించిన ఎడ్మండ్ అనే అబ్బాయి ఎవరు? యేసును అప్పగించిన యూదానా? యూదాకు అలాంటి విడుదల దొరకలేదే. ఆదామా? ఆస్లాన్ చనిపోయిన రాతిబల్ల సిలువా, లేక మోషే ధర్మశాస్త్రపు పలకలా? రెండూ అన్నవాళ్ళున్నారు. మధ్యలో క్రిస్మస్ తాత వస్తాడు, ఆయన దేనికి గుర్తు? బీవరమ్మ అనే మాట్లాడే జంతువు ప్రాణభయంతో పారిపోతూ కూడా వదల్లేక వదల్లేక వదిలిన కుట్టుమిషను ఏ సిద్ధాంతం?

తాళంచెవి తిరగడం లేదు. అయినా తిప్పాల్సిందే అనేవాళ్ళు సరిగ్గా ఆ అన్నదమ్ముల్లాగే చేస్తున్నారు. కావలసిన ముడి ముందే నిర్ణయించుకుని, పుస్తకంలోంచి విడి అక్షరాలు ఏరుతున్నారు. ‘కె’ దొరక్కపోతే ‘సి’తో సరిపెడుతున్నారు.

క్రైస్తవం లేదని నేను అనడం లేదు. అందులో ఉన్నది అదే, నిండుగా ఉంది. ఆస్లాన్ మరణపు రాత్రి ఇద్దరు అమ్మాయిలు కాపలా ఉండటం, తెల్లవారగానే బల్ల విరిగి ఉండటం చూసి సువార్తలు గుర్తురానివాళ్ళు ఉండరు. ప్రశ్న అది ఏ దారిలో వచ్చిందన్నదే. 1954లో అమెరికాలోని ఒక బడి పిల్లలకు రాసిన ఉత్తరంలో లూయిస్ దీనికి జవాబిచ్చాడు. మన లోకంలోని యేసుకు గుర్తుగా సింహాన్ని పెడదామని నేను అనుకోలేదు. నార్నియా వంటి దేశం ఒకటి ఉందనుకుందాం, దేవుని కుమారుడు ఇక్కడ మనిషి అయినట్టు అక్కడ సింహం అయ్యాడనుకుందాం, అప్పుడు ఏం జరుగుతుందో ఊహించాను అన్నాడు. 1958 డిసెంబరు నాటి మరో ఉత్తరంలో బన్యన్ రాక్షసుణ్ణే ఉదాహరణగా తీసుకున్నాడు: ఆ రాక్షసుడు నిరాశకు గుర్తయినట్టు ఆస్లాన్ దేవుడికి గుర్తయితే అది అన్యాపదేశమే, కానీ అలా కాదు.

తెలుగులో దీనికి ‘అనుకుందాం’ అనే మాట చక్కగా సరిపోతుంది. అన్యాపదేశంలో ‘ఇది అంటే అది’. అనుకుందాం కథలో ‘ఇలా ఉంటే ఏమవుతుంది?’ ఆ కథలో ఆస్లాన్ ఎవరికీ బదులు నిలబడలేదు, తానే ఉన్నాడు. స్విఫ్ట్ అంగీని విప్పితే లోపల మతం దొరుకుతుంది. ఆస్లాన్ జూలు విప్పడానికి అది తొడుక్కున్నది కాదు.

ఈ తేడా వల్ల ఏం ఒరుగుతుందని అడుగుతారు. లూయిస్ 1943 నవల ‘పెరెలాండ్రా’ చూడండి. శుక్రగ్రహం మీద కొత్త హవ్వ, కొత్త శోధన. అక్కడ ఆమె పతనం కాదు. అది ఏదెను తోటకు అన్యాపదేశమే అయితే ఈ ముగింపు కుదరదు, తాళంచెవి విరిగిపోతుంది. ‘అనుకుందాం’ కాబట్టే మరోలా జరగగలిగింది. అన్యాపదేశం అని ముందే చీటీ అంటించి చదివినవాడికి ఆమె ఏం చేస్తుందో అన్న ఉత్కంఠే ఉండదు. ఆ ఉత్కంఠ పోతే ఆ నవలలో సగం పోయినట్టే.

ఇంకో రుజువు. లూయిస్‌కు అన్యాపదేశం రాయడం వచ్చు. 1933లో ‘ది పిల్‌గ్రిమ్స్ రిగ్రెస్’ అని బన్యన్ దారిలోనే ఒకటి రాశాడు. అది మరీ క్లిష్టంగా ఉందని తనే ఒప్పుకుని, 1943 ముద్రణలో పేజీల పైన వివరణ వాక్యాలు చేర్చాడు. అన్యాపదేశానికి ఆయన తాళంచెవి ఇచ్చాడు. నార్నియాకు ఇవ్వలేదు.

సమయం దగ్గరపడింది, మిగిలినవి త్వరగా చెబుతాను. స్పెన్సర్ ‘ఫెయిరీ క్వీన్’ పక్కా అన్యాపదేశ కావ్యం, కవే ఆ మాట అన్నాడు. 1596 భాగంలో డ్యుయెస్సా అనే మోసగత్తె విచారణ తన తల్లి మేరీ రాణి గురించే అని స్కాట్లండు రాజు ఆరో జేమ్స్ కవిని శిక్షించమన్నాడు, తాళంచెవి అంత బాగా తిరిగింది మరి. లూయిస్‌దే ‘స్క్రూటేప్ లెటర్స్’ వ్యంగ్యమే గాని అన్యాపదేశం కాదు, అందులో దయ్యం అంటే దయ్యమే. ‘లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ రాసిన టోల్కీన్ అన్యాపదేశం తనకు నచ్చదని చెబుతూ, పాఠకుడు తన జీవితానికి అన్వయించుకోవడం వేరు, రచయిత పట్టు బిగించడం వేరు అన్నాడు. మైకేల్ వార్డ్ 2008లో ఏడు నార్నియా పుస్తకాలకూ మధ్యయుగపు ఏడు గ్రహాలకూ జత కుదిర్చాడు. అది కూడా అక్షరాలు ఏరడమేనా? ఏడు జతలూ నాకు ఒప్పుదల కాలేదు. కానీ లూయిస్ గ్రహాల మీద కవిత రాశాడు, ఆ పాత ఆకాశాన్ని జీవితమంతా బోధించాడు. కాబట్టి ‘కె’ వీలునామాలో కొంతైనా ఉంది. దాని మీద వచ్చే వీడియోలో వివరంగా మాట్లాడతాను.

ఈలోగా బన్యన్‌లో సందేహపు కోట ఘట్టం, నార్నియా మొదటి పుస్తకంలో రాతిబల్ల ఘట్టం ఒకదాని వెంట ఒకటి చదవండి. మొదటిదానికి పక్కన జాబితా రాసుకోండి. రెండోదానికీ మొదలుపెట్టి, ఎక్కడ ఆగిపోయారో కింద రాయండి. నేను కుట్టుమిషను దగ్గర ఆగాను.