ఒక పిలుపు, ఒక మౌనం: ‘మా భూమి’, ‘దాసి’ రివ్యూ

అందరికి నమస్తే. ఓరుగల్లు నుంచి ఇయ్యాల రెండు పాత సినిమాలు ముంగటేసుకున్నం. ‘మా భూమి’ 1979ల తయారైంది, డైరెక్టర్ గౌతమ్ ఘోష్. దాని నిర్మాతల్ల ఒకలైన బి. నర్సింగరావే 1988ల ‘దాసి’ తీసిండు.

‘మా భూమి’ల ‘బండెనక బండి కట్టి’ పాట మీకు నోటికొచ్చే ఉంటది. కట్టింది యాదగిరి, తెర మీద పాడింది గద్దర్. ఈసారి బండ్ల లెక్క ఇడిచిపెట్టి ఒక్క పిలుపు పట్టుకోండ్రి: ‘కొడుకో’. దొర ముంగట ‘నీ బాంచెన్, కాల్మొక్త’ తప్ప నోట్లకెల్లి ఇంకో మాట రాని కాలమది. అసొంటప్పుడు ఏకంగా నైజాము సర్కారునే కొడుకో అన్నడు! గోరి కడతమన్న బెదిరింపు కంటే ఆ పిలుపే పెద్ద తప్పు, అప్పటి లెక్కల. పాట కట్టుడు గూడ అట్లనే ఉంటది: చిన్న చిన్న ముక్కలు, ఒకలంటే పదిమంది అందుకునేటట్టు. గుంపుల పాడితే ఎవలన్నరో పట్టుకునుడు కష్టం. ఈ సినిమా చూపెట్టేది తెలంగాణ రైతుల పోరాటం; అందుల 1946ల దొడ్డి కొమరయ్య తూటాకు పడ్డ కడవెండి ఊరు ఇప్పుడు మన పక్క జనగామ జిల్లాలనే ఉన్నది.

‘దాసి’ల ఆ గుంపు లేదు. 1920ల నాటి గడీ, అంటే దొర ఉండే పెద్ద బంగ్ల, అందుల చాకిరి చేసే కమలాక్షి. బాంచ అన్నా దాసి అన్నా ఒకటే గదా. దొరతోని కడుపైతది, ఉంచుకుంటవా, తీయించుకుంటవా అని ఆమెను అడిగేటోళ్లు లేరు. పాటల పదిమంది కలిసి అనగలిగింది ఈమె ఒక్కతి అనలేదు. ఆ భారమంతా కమలాక్షిగ చేసిన అర్చన మొఖం మీదనే నడుస్తది. ఆమెకు జాతీయ అవార్డు వచ్చింది, సినిమాకు మొత్తం 5. నిదానం మస్తుంటది, ఫార్వర్డ్ కొట్టకుండ్రి. రోజంతా చాకిరి ఎంత పొడుగుంటదో ఆ నిదానంలనే తెలుస్తది.

ఇగ ఈ సినిమాల దొరికే కాపీల సంగతి. పాత ఫ్రేమును వెడల్పు టీవీకి సాగదీస్తే మొఖాలు ఉబ్బుతయి. బండి గీరనో, చెంబు మూతినో చూడుండ్రి. కోడిగుడ్డు లెక్క కనబడితే ఆస్పెక్ట్ రేషియో (బొమ్మ వెడల్పు, ఎత్తుల లెక్క) 4:3కి మార్చుండ్రి. తలకాయలు కోసి ఉంటే మాత్రం చేసేదేం లేదు, వేరే కాపీ ఎతకాలె.

ఇంకోటి, సెకనుకు 24 ఫ్రేముల సినిమాను వీసీడీ కోసం 25కు ఉరికిస్తే రెండున్నర గంటలల్ల 6 నిమిషాలు తగ్గుతయి, గొంతు సన్నబడ్తది. కంప్యూటర్ల వీడియోలు ఆడించే వీఎల్‌సీ ప్లేయర్‌ల స్పీడు 0.96 పెట్టుండ్రి. ఆడియో సెట్టింగుల్ల టైమ్ స్ట్రెచింగ్ (స్పీడు మారినా గొంతు మారనియ్యనిది) టిక్కు తీసెయ్యాలె, లేకుంటే స్పీడు తగ్గుతది గని గద్దర్ గొంతు మాత్రం దిగదు.